ఉమ్మడి సభ్యులున్న సమూహాలను లెక్కించడం: సమితులు, సంభావ్యత గురించి తరచుగా అడిగే ప్రశ్నలు

పదో తరగతి, ఇంటర్మీడియట్ విద్యార్థులూ, పోటీ పరీక్షలకు సిద్ధమవుతున్నవారూ, ఇంట్లో పిల్లలకు లెక్కలు చెప్పే తల్లిదండ్రులూ ఈ అంశం మీద అడుగుతూ ఉండే ప్రశ్నలకు ఇక్కడ జవాబులు రాశాం. సమితులను క, చ, ట అని పిలుస్తూ, క సమితిలోని మూలకాల సంఖ్యను సం(క) అనీ, క అనే ఘటన సంభావ్యతను సంభా(క) అనీ సూచించాం. ∪ గుర్తు సమ్మేళనానికి (కనీసం ఒక సమితిలో ఉన్న మూలకాలన్నీ), ∩ గుర్తు ఛేదనానికి (అన్నిటిలోనూ ఉమ్మడిగా ఉన్న మూలకాలు).

రెండు సమూహాల సంఖ్యలను నేరుగా కూడితే మొత్తం ఎందుకు తప్పుతుంది?

ఒక అపార్ట్‌మెంట్ సముదాయంలో 120 ఇళ్లు ఉన్నాయనుకుందాం. వాటిలో 80 ఇళ్లకు రోజూ పాల ప్యాకెట్లు, 50 ఇళ్లకు దినపత్రిక వస్తాయి. కూడితే 130 వస్తుంది, కానీ ఉన్న ఇళ్లే 120. కూడికలో పొరపాటేమీ లేదు. పాలూ పత్రికా రెండూ తెప్పించుకునే ఇల్లు పాలవాడి జాబితాలో ఒకసారి, పేపరు వేసే అబ్బాయి జాబితాలో మరొకసారి లెక్కకు వచ్చింది, అంతే. అటువంటి ఇళ్లు 35 ఉంటే, రెండుసార్లు లెక్కించిన ఆ 35ను ఒకసారి తీసివేయాలి. అప్పుడు 80 + 50 − 35 = 95 ఇళ్లకు ఈ రెండింటిలో కనీసం ఒకటి వస్తుందని తేలుతుంది, మిగిలిన 25 ఇళ్లకు రెండూ రావు. దీన్నే సూత్రంగా రాస్తే:

సం(క ∪ చ) = సం(క) + సం(చ) − సం(క ∩ చ)

క, చ లకు ఉమ్మడి మూలకాలు లేకపోతే వాటిని వియుక్త సమితులు అంటారు. అప్పుడు చివరి పదం సున్నా అవుతుంది కాబట్టి నేరుగా కూడవచ్చు.

ఆ 35ను ఒక్కసారే ఎందుకు తీసివేయాలి? రెండు జాబితాల్లోనూ ఉంది కాబట్టి రెండుసార్లు తీసివేయాలి కదా?

ఈ సందేహం చాలామందికి వస్తుంది, ఇది మంచి సందేహం కూడా. రెండుసార్లు తీసివేస్తే ఆ 35 ఇళ్లు లెక్కలోంచి పూర్తిగా తొలగిపోతాయి. కానీ అవి కూడా పాలో పత్రికో తెప్పించుకునే ఇళ్లే కనుక ఒక్కొక్కటీ ఒకసారి లెక్కలో మిగలాలి. రెండుసార్లు తీసివేసినప్పుడు వచ్చే 80 + 50 − 70 = 60 అనే సంఖ్య కూడా వ్యర్థమైనది కాదు. అది పాలు మాత్రమే తెప్పించుకునే 45 ఇళ్లు, పత్రిక మాత్రమే తెప్పించుకునే 15 ఇళ్లు కలిసిన మొత్తం. అంటే అది "సరిగ్గా ఒకటి" అనే వేరే ప్రశ్నకు జవాబు. కాబట్టి ఎన్నిసార్లు తీసివేయాలన్న దానికి కంఠస్థం చేసిన సూత్రం కాక, అడిగిన ప్రశ్నే జవాబు చెబుతుంది.

నిజ జీవితంలో ఈ లెక్క ఎక్కడ అవసరమవుతుంది?

మన జనాభా లెక్కలనే చూడండి. ప్రతి వ్యక్తికీ మాతృభాష ఏదో నమోదు చేసుకున్న తరువాత, అది కాక తెలిసిన మరో రెండు భాషల వరకు రాసుకుంటారు. 2011లో సుమారు 121 కోట్ల జనాభాలో తెలుగు మాతృభాషగా ఉన్నవారు సుమారు 8.11 కోట్లు. తెలుగు తెలిసినవారందరూ ఎందరో కావాలంటే, మాతృభాషగా చెప్పినవారికి రెండో భాషగా, మూడో భాషగా చెప్పినవారిని కూడాలి. ఇక్కడ నేరుగా కూడటం సరైనదే, ఎందుకంటే ఒక మనిషికి తెలుగు ఒక్క స్థానంలోనే నమోదవుతుంది కనుక ఆ మూడూ వియుక్త సమితులు. అదే "తెలుగు గానీ ఉర్దూ గానీ తెలిసినవారు" ఎందరని అడిగితే పద్ధతి మారిపోతుంది. హైదరాబాదులో ఈ రెండూ వచ్చినవారు ఎంతోమంది ఉంటారు కాబట్టి ఉమ్మడి సంఖ్య తెలియకుండా జవాబు చెప్పలేం. భాషలవారీగా తెలిసినవారి సంఖ్యలన్నీ కూడితే దేశ జనాభాను దాటిపోవడానికీ కారణం ఇదే. రెండు భాషలు వచ్చిన మనిషిని రెండుసార్లు, మూడు వచ్చిన మనిషిని మూడుసార్లు లెక్కించినట్టే అవుతుంది.

"లేదా" అంటే రెండింటిలో ఒకటి మాత్రమేనా?

గణితంలో కాదు. "కాఫీ తాగుతారా, టీ తాగుతారా" అని ఇంటికి వచ్చినవారిని అడిగితే ఏదో ఒకటి ఎంచుకోమనే భావం. కానీ "క లేదా చ" అని సమితుల లెక్కలో రాస్తే క లోనో, చ లోనో, రెండింటిలోనో ఉన్న మూలకాలన్నీ అందులోకి వస్తాయి. ఒకటి మాత్రమే ఉద్దేశమైతే ప్రశ్నలో "మాత్రమే" అనో "రెండూ కాకుండా" అనో స్పష్టంగా ఉంటుంది, ఉండాలి కూడా.

మూడు సమూహాలు ఉన్నప్పుడు సూత్రం ఏమిటి? చివరలో మళ్లీ కూడటం ఎందుకు?

అదే సముదాయంలో 60 ఇళ్లకు మంచినీళ్ల క్యాన్లు కూడా వస్తాయనుకుందాం. పాలూ పత్రికా వచ్చేవి 35, పాలూ నీళ్లూ వచ్చేవి 40, పత్రికా నీళ్లూ వచ్చేవి 25, మూడూ వచ్చేవి 20. మొదట మూడు సంఖ్యలనూ కూడితే 190. జంటల సంఖ్యలు 35, 40, 25 తీసివేస్తే 90. ఇప్పుడు మూడూ తెప్పించుకునే ఒక ఇంటిని పట్టుకుని దాని లెక్క ఏమైందో చూడండి. మొదటి కూడికలో అది మూడుసార్లు వచ్చింది. జంటలు తీసివేసేటప్పుడు, మూడు జంటల్లోనూ ఆ ఇల్లు ఉంది కనుక, మూడుసార్లు పోయింది. అంటే ఆ ఇల్లు అసలు లెక్కలోనే లేకుండా పోయింది. అందువల్లనే అటువంటి 20 ఇళ్లనూ తిరిగి ఒకసారి కూడాలి. 90 + 20 = 110. ఏదీ తెప్పించుకోని ఇళ్లు 10.

సం(క ∪ చ ∪ ట) = సం(క) + సం(చ) + సం(ట) − సం(క ∩ చ) − సం(క ∩ ట) − సం(చ ∩ ట) + సం(క ∩ చ ∩ ట)

సూత్రం సరైనదే అయినా, మూడు సమూహాల లెక్కను వెన్ చిత్రంలో (ఒక్కొక్క సమూహానికి ఒక వలయం చొప్పున, ఒకదాని మీద ఒకటి పడేలా గీసిన చిత్రంలో) నింపడమే మేలని మా అభిప్రాయం, అదీ మధ్య నుంచి బయటికి. మూడు వలయాలూ కలిసే చోట 20 రాయండి. పాలూ పత్రికా వచ్చే 35లో ఆ 20 ఇప్పటికే ఉన్నాయి కనుక, ఆ రెండు మాత్రమే వచ్చే ఇళ్లు 15. అలాగే పాలూ నీళ్లూ మాత్రమే 20, పత్రికా నీళ్లూ మాత్రమే 5. తరువాత పాలు మాత్రమే వచ్చే ఇళ్లు 80 − 20 − 15 − 20 = 25, పత్రిక మాత్రమే 10, నీళ్లు మాత్రమే 15. ఈ ఏడు ప్రాంతాల మొత్తం 110, బయట 10. ఇలా నింపిన తరువాత ప్రశ్న ఏ రూపంలో వచ్చినా కావలసిన ప్రాంతాలను కూడుకుంటే సరిపోతుంది. సూత్రం ఒక్క ప్రశ్నకు జవాబిస్తుంది, నింపిన చిత్రం అన్ని ప్రశ్నలకూ జవాబిస్తుంది.

ప్రశ్నల్లో "కనీసం", "సరిగ్గా", "మాత్రమే", "గరిష్ఠంగా" అనే మాటలను ఎలా అర్థం చేసుకోవాలి?

మార్కులు ఎక్కువగా పోయేది ఈ మాటల దగ్గరే. పై చిత్రంలో కనీసం రెండు తెప్పించుకునే ఇళ్లు 15 + 20 + 5 + 20 = 60, సరిగ్గా రెండు తెప్పించుకునేవి 40. "గరిష్ఠంగా ఒకటి" అంటే ఒకటి లేదా సున్నా, కనుక 25 + 10 + 15 + 10 = 60. "కనీసం రెండు", "గరిష్ఠంగా ఒకటి" పరస్పరం పూరక సమితులు (ఒకదానిలో లేనివన్నీ రెండోదానిలో ఉంటాయి) కాబట్టి వాటి మొత్తం 120 అయి తీరాలి, అయింది కూడా.

"మాత్రమే" అనే మాట లేకుండా "పాలూ పత్రికా తెప్పించుకునేవి 35" అని ఇస్తే, అందులో నీళ్లు కూడా తెప్పించుకునే ఇళ్లు కలిసే ఉన్నాయని అర్థం. ఆ 35ను వెన్ చిత్రంలో పాలు, పత్రిక మాత్రమే కలిసే ప్రాంతంలో నేరుగా రాసేయడం విద్యార్థులు అన్నిటికంటే ఎక్కువగా చేసే పొరపాటు.

ఇచ్చిన సంఖ్యలు ఒకదానితో ఒకటి పొసగవని ఎలా కనిపెట్టాలి?

ఏ ప్రాంతంలోనైనా రుణ సంఖ్య వస్తే దత్తాంశం తప్పని అర్థం. పై లెక్కలోనే మిగతావన్నీ అలాగే ఉంచి, మూడూ తెప్పించుకునే ఇళ్లు 20 కాక 5 అని ఎవరైనా నివేదిక ఇచ్చారనుకోండి. సూత్రంలో పెడితే 190 − 100 + 5 = 95 వస్తుంది. 120 కంటే తక్కువే కనుక ఏ అనుమానమూ రాదు. కానీ ప్రాంతాలు నింపి చూస్తే పత్రికా పాలూ మాత్రమే 30, పత్రికా నీళ్లూ మాత్రమే 20, మూడూ 5, వీటి మొత్తమే 55. పత్రిక వచ్చే ఇళ్లు మొత్తం 50 మాత్రమే కదా! పత్రిక మాత్రమే తెప్పించుకునే ఇళ్లు −5 అవుతాయి, అది అసాధ్యం. సర్వే నివేదికలు, హాజరు పట్టికలు తయారుచేసేవారు మొత్తం సరిపోయిందని తృప్తి పడకుండా ప్రతి ప్రాంతాన్నీ విడిగా సరిచూసుకోవాలి.

ఉమ్మడి సంఖ్య ఇవ్వకపోతే ఏమీ చెప్పలేమా?

కచ్చితమైన విలువ చెప్పలేం కానీ హద్దులు చెప్పగలం. 120 ఇళ్లలో 80కి పాలు, 50కి పత్రిక వస్తాయని మాత్రమే తెలిస్తే, రెండూ వచ్చే ఇళ్లు కనీసం 80 + 50 − 120 = 10 ఉండాలి, 50కి మించి ఉండలేవు. కనీసం ఒకటి వచ్చే ఇళ్లు 80కీ 120కీ మధ్య ఉంటాయి. "కనీసం ఎంతమందికి రెండూ వచ్చి ఉండాలి" అని పోటీ పరీక్షల్లో అడిగే ప్రశ్న ఇదే.

వలయాల చిత్రాలను ఎవరు ప్రవేశపెట్టారు? నాలుగు సమితులకు నాలుగు వృత్తాలు గీయవచ్చా?

ఇంగ్లండుకు చెందిన తర్కశాస్త్రవేత్త జాన్ వెన్ 1880లో ఈ చిత్రాలను వివరిస్తూ వ్యాసం ప్రచురించారు. అంతకు వంద సంవత్సరాల ముందే, 1768లో అచ్చయిన తన లేఖల్లో గణితవేత్త లియొనార్డ్ ఆయిలర్ వృత్తాలతో తర్కాన్ని వివరించారు. ఆయిలర్ పద్ధతిలో నిజంగా ఉన్న సంబంధాలనే గీస్తారు. వెన్ పద్ధతిలో సాధ్యమైన ప్రాంతాలన్నీ ముందే గీసి, ఖాళీగా ఉన్నవాటిని తరువాత గుర్తిస్తారు. లెక్కించడానికి రెండో పద్ధతే అనువైనది, ఎందుకంటే ఏ ప్రాంతాన్నీ మరచిపోయే అవకాశం ఉండదు.

నాలుగు సమితులకు వృత్తాలు చాలవు. నాలుగు సమితులు బయటి ప్రాంతంతో కలిపి 16 ప్రాంతాలను ఇవ్వాలి, కానీ నాలుగు వృత్తాలు ఎలా గీసినా 14 ప్రాంతాలకు మించవు. అందుకే నాలుగింటికి వెన్ దీర్ఘవృత్తాలను వాడారు. మన విద్యార్థులకు నాలుగు సమితులు వచ్చినప్పుడు చిత్రం కంటే పట్టిక వేసుకోవడమే సులభం.

ఈ సందర్భంలోనే గణితవేత్త అగస్టస్ డి మోర్గాన్‌ను కూడా తలచుకోవాలి. "క లేదా చ కానివి" అంటే "క కానివీ, చ కూడా కానివీ" అని చెప్పే నియమం ఆయన పేరుతోనే ఉంది. ఆయన 1806లో నాటి మద్రాసు ప్రెసిడెన్సీలోని మదురైలో జన్మించారు. పాలూ పత్రికా రెండూ రాని 25 ఇళ్లను 120 − 95 అని కనుక్కున్నప్పుడు మనం వాడింది ఆ నియమాన్నే.

రక్తపు గ్రూపులకూ సమితులకూ సంబంధం ఉందంటారు. నిజమేనా?

నిజమే. మూడు వలయాల వెన్ చిత్రానికి ఇంతకంటే చక్కని ఉదాహరణ ప్రకృతిలో దొరకడం అరుదు. ఎర్ర రక్తకణాల మీద గుర్తుల్లా ఉండే పదార్థాలైన యాంటిజెన్‌లలో మూడింటిని మామూలు పరీక్షలో చూస్తారు: ఎ, బి, ఆర్‌హెచ్ (డి). ఎ, బి ల తేడాను కార్ల్ లాండ్‌స్టైనర్ వియన్నాలో కనిపెట్టి 1901లో ప్రచురించారు. ఆర్‌హెచ్ విషయాన్ని ఆయనే అలెగ్జాండర్ వీనర్‌తో కలిసి 1940లో ప్రకటించారు. ఒక మనిషి రక్తంలో ఈ మూడింటిలో ఒక్కొక్కటి ఉండవచ్చు, లేకపోవచ్చు. కాబట్టి సాధ్యమైన ప్రాంతాలు 2 × 2 × 2 = 8, మనకు తెలిసిన ఎనిమిది గ్రూపులూ అవే. ఎ, బి రెండూ ఉంటే ఏబీ, రెండూ లేకపోతే ఓ. ఆర్‌హెచ్ ఉంటే పాజిటివ్, లేకపోతే నెగటివ్.

ఇక్కడే "మాత్రమే" అనే మాట ప్రాముఖ్యం మళ్లీ కనిపిస్తుంది. ఎ గ్రూపు అంటే ఎ యాంటిజెన్ ఉన్నవారందరూ అని కాదు, ఎ ఉండి బి లేనివారు. ఒక రక్తదాన శిబిరంలో 200 మందిలో ఎ యాంటిజెన్ ఉన్నవారు 62, బి ఉన్నవారు 78, రెండూ ఉన్నవారు 16 అనుకుందాం. అప్పుడు ఎ గ్రూపు 46 మంది, బి గ్రూపు 62 మంది, ఏబీ 16 మంది అవుతారు. మొత్తం 62 + 78 − 16 = 124. మిగిలిన 76 మంది ఓ గ్రూపు.

ఎర్ర రక్తకణాలను ఎవరికి ఎవరు ఇవ్వవచ్చన్న నియమం కూడా సమితుల భాషలో ఒక్క వాక్యానికి కుదురుతుంది: దాత యాంటిజెన్‌ల సమితి గ్రహీత యాంటిజెన్‌ల సమితికి ఉపసమితి కావాలి. గ్రహీత శరీరానికి పరాయిదైన యాంటిజెన్ ఏదీ లోపలికి వెళ్లకూడదన్నదే దాని సారాంశం. ఓ నెగటివ్ శూన్య సమితి, అది ప్రతి సమితికీ ఉపసమితే కనుక ఓ నెగటివ్ రక్తకణాలను అందరికీ ఎక్కించవచ్చు. ఏబీ పాజిటివ్‌లో మూడూ ఉన్నాయి కనుక ఆ గ్రూపువారు ఎవరి నుంచైనా తీసుకోవచ్చు. దాత, గ్రహీత గ్రూపుల జతలు 8 × 8 = 64 ఉంటే వాటిలో పొసగేవి 27. ఒక్కొక్క యాంటిజెన్ విషయంలో నాలుగు పరిస్థితులు ఉంటాయి, వాటిలో దాతకు ఉండి గ్రహీతకు లేని ఒక్కటి మాత్రమే నిషిద్ధం. మిగిలినవి మూడు, కాబట్టి 3 × 3 × 3 = 27. ప్లాస్మాకు (రక్తంలోని ద్రవ భాగానికి) ఎ, బి ల విషయంలో ఈ వరుస తారుమారవుతుందని గుర్తుంచుకోవాలి. నిజమైన రక్తమార్పిడిలో రక్తనిధివారు రెండు నమూనాలనూ కలిపి సరిచూడకుండా ఎక్కించరు.

1952లో బొంబాయిలో డాక్టర్ వై.ఎం. భెండే బృందం వెల్లడించిన "బాంబే గ్రూపు" ఈ చిత్రానికి నాలుగో వలయాన్ని చేర్చింది. ఎ, బి లు రెండింటికీ ఆధారమైన హెచ్ అనే యాంటిజెన్ కూడా వీరిలో ఉండదు. మామూలు పరీక్షలో వీరు ఓ గ్రూపుగా కనిపిస్తారు, కానీ ఓ రక్తంలో హెచ్ ఉంటుంది కనుక అది వీరికి పనికిరాదు. ఉపసమితి నియమం తప్పలేదు. మనం గీసిన వలయాల సంఖ్యే చాలలేదు.

సమితుల లెక్క సంభావ్యతగా ఎలా మారుతుంది?

ఫలితాలన్నిటికీ సమాన అవకాశం ఉన్నప్పుడు, అనుకూల ఫలితాల సంఖ్యను మొత్తం ఫలితాల సంఖ్యతో భాగిస్తే సంభావ్యత వస్తుంది. కనుక పై సూత్రాన్ని మొత్తంతో భాగిస్తే సంభావ్యత సంకలన సిద్ధాంతం దానంతట అదే వస్తుంది:

సంభా(క ∪ చ) = సంభా(క) + సంభా(చ) − సంభా(క ∩ చ)

52 పేకముక్కల కట్టలోంచి ఒక ముక్క తీస్తే అది ఆటీను గానీ రాజు గానీ అయ్యే సంభావ్యత ఎంత? ఆటీన్లు 13, రాజులు 4, రెండింటిలోనూ ఉన్నది ఆటీన్ రాజు ఒక్కటే. 13 + 4 − 1 = 16, కాబట్టి జవాబు 16/52, అంటే 4/13. ఆటీను గానీ ఇస్పేటు గానీ అని అడిగితే ఉమ్మడి ముక్క ఉండదు కనుక నేరుగా 26/52.

సమాన అవకాశం ఉందని ఎప్పుడు అనుకోవచ్చు?

రెండు పాచికలు వేస్తే మొత్తాలు 2 నుంచి 12 వరకు పదకొండు రావచ్చు, కానీ 7 వచ్చే సంభావ్యత 1/11 కాదు. 36 జతల్లో ఆరు జతలు 7ను ఇస్తాయి కనుక అది 1/6.

మన పాఠ్యపుస్తకాల్లో తరచుగా కనిపించే లీపు సంవత్సరం ప్రశ్నను కూడా ఇక్కడే ప్రస్తావించాలి. 366 రోజుల్లో 52 వారాలు పోగా రెండు రోజులు మిగులుతాయి. ఆ రెండూ వరుస రోజులు కనుక ఏడు అవకాశాలు, వాటిలో రెండింటిలో ఆదివారం ఉంటుంది, కాబట్టి 53 ఆదివారాలు వచ్చే సంభావ్యత 2/7. 53 ఆదివారాలు గానీ 53 సోమవారాలు గానీ రావాలంటే 2/7 + 2/7 − 1/7 = 3/7, ఎందుకంటే ఆది, సోమ అనే జత రెండింటిలోనూ ఉంది. పరీక్షలో ఇదే సరైన జవాబు. అయితే ఏడు అవకాశాలూ సమానమన్న ఊహ క్యాలెండరులో కచ్చితంగా నిజం కాదు. గ్రెగోరియన్ క్యాలెండరు 400 సంవత్సరాలకు ఒకసారి వారాలతో సహా పునరావృతమవుతుంది, ఆ 400 సంవత్సరాల్లో లీపు సంవత్సరాలు 100 − 4 + 1 = 97. 97ను ఏడు సమాన భాగాలు చేయలేం. తేడా చాలా చిన్నదే, కానీ సమాన అవకాశం అనేది మనం పెట్టుకున్న ఊహ అని ఇది చూపిస్తుంది.

పరస్పర వివర్జిత ఘటనలు, స్వతంత్ర ఘటనలు ఒకటేనా?

కావు. దాదాపు విరుద్ధమని కూడా చెప్పవచ్చు. రెండు ఘటనలు ఒకేసారి జరగలేకపోతే అవి పరస్పర వివర్జితాలు. ఒకటి జరిగిందని తెలిసినా రెండోదాని సంభావ్యత మారకపోతే అవి స్వతంత్రాలు, అప్పుడు సంభా(క ∩ చ) = సంభా(క) × సంభా(చ). ఒకే ముక్క ఆటీనూ ఇస్పేటూ కాలేదు, కనుక అవి పరస్పర వివర్జితాలు. ఆటీను అని తెలిసిన వెంటనే ఇస్పేటు అవకాశం సున్నాకు పడిపోతుంది కనుక అవి స్వతంత్రాలు కావు. ఆటీను, రాజు అనే ఘటనలు స్వతంత్రాలు, ఎందుకంటే 1/4 × 1/13 = 1/52, ఆటీన్ రాజు వచ్చే సంభావ్యత కూడా అంతే.

ఇప్పుడు కట్టలోంచి ఇస్పేట్ రాజును తీసి పక్కన పెట్టండి. 51 ముక్కల్లో ఆటీన్లు 13, రాజులు 3. 13/51 × 3/51 విలువ సుమారు 0.015, కానీ ఆటీన్ రాజు వచ్చే సంభావ్యత 1/51, అంటే సుమారు 0.0196. ఆటీన్లలో ఒక్క ముక్క కూడా తగ్గకపోయినా స్వాతంత్ర్యం పోయింది. స్వతంత్రమా కాదా అన్నది ఘటనల పేర్లను చూసి తేల్చేది కాదని, గుణించి చూసి తేల్చుకోవలసినదని దీన్ని బట్టి తెలుస్తుంది. పై అపార్ట్‌మెంట్‌లో పాలు, నీళ్లు స్వతంత్రాలు: 80/120 × 60/120 = 40/120. పాలు, పత్రిక స్వతంత్రాలు కావు.

నియత సంభావ్యత అంటే ఏమిటి?

లెక్కించే సముదాయాన్ని కుదించడమే. పత్రిక వచ్చే 50 ఇళ్లలోంచి ఒక ఇంటిని ఎంచుకుంటే దానికి పాలు వచ్చే సంభావ్యత 35/50, అంటే 0.7. పాలు వచ్చే 80 ఇళ్లలోంచి ఎంచుకుంటే దానికి పత్రిక వచ్చే సంభావ్యత 35/80, అంటే సుమారు 0.44. లవం ఒకటే, హారం వేరు. ఈ రెండింటినీ తారుమారు చేసి చదవడం వార్తల్లో కూడా కనిపిస్తుంది. "ప్రమాదాలకు గురైనవారిలో ఎక్కువమంది యువకులు" అన్న మాటకూ "యువకుల్లో ఎక్కువమంది ప్రమాదాలకు గురవుతున్నారు" అన్న మాటకూ పొంతనే లేదు.

"కనీసం ఒకసారి" జరిగే సంభావ్యతను సంభావ్యతలు కూడి ఎందుకు కనుక్కోకూడదు?

ఒక పాచికను నాలుగుసార్లు వేస్తే కనీసం ఒకసారి ఆరు పడే సంభావ్యత 4 × 1/6 = 2/3 అని అనిపిస్తుంది. అదే నిజమైతే ఆరుసార్లు వేస్తే ఆరు తప్పక పడాలి, ఏడుసార్లు వేస్తే సంభావ్యత ఒకటిని దాటాలి. మొదటిసారీ మూడోసారీ ఆరు పడిన ఫలితం రెండుసార్లు లెక్కకు రావడమే ఇక్కడి తప్పు, పాలూ పత్రికా వచ్చే ఇంటి విషయంలో జరిగినదే ఇది. సరైన దారి పూరక ఘటన: నాలుగుసార్లూ ఆరు పడకపోయే సంభావ్యత 625/1296, కనుక జవాబు 671/1296, సుమారు 0.518. కలుపుతూ తీసివేసే సూత్రంతో చేసినా 864 − 216 + 24 − 1 = 671 అనుకూల ఫలితాలే వస్తాయి.

రెండు పాచికలను కలిపి 24 సార్లు వేస్తే కనీసం ఒకసారి రెండూ ఆరు పడే సంభావ్యత సుమారు 0.491, అంటే సగానికి తక్కువ. నేరుగా కూడేవారికి 24/36 కూడా 2/3 గానే కనిపిస్తుంది. ఫ్రాన్సులో ద మేరే అనే పెద్దమనిషి లేవనెత్తిన ఈ పాచికల సందేహం 1654లో గణితవేత్తలు పాస్కల్, ఫెర్మాల ఉత్తరాల్లో చర్చకు వచ్చింది. సంభావ్యతా శాస్త్రానికి పునాదులు ఆ ఉత్తరాల్లోనే పడ్డాయి.

సమూహాలు చాలా ఉన్నప్పుడు ఈ పద్ధతి పనిచేస్తుందా?

పనిచేస్తుంది. ఒక్కొక్కటిగా కూడి, జంటలు తీసివేసి, మూడింటి ఉమ్మడులు కూడి, నాలుగింటివి తీసివేస్తూ పోవాలి. పదాల సంఖ్య వేగంగా పెరుగుతుంది: పది సమితులకు 1023 పదాలు. అయినా ఉమ్మడి ప్రాంతాలన్నీ ఒకే తీరులో ఉన్నప్పుడు లెక్క ఆశ్చర్యకరంగా తేలికవుతుంది.

దానికి ప్రసిద్ధమైన ఉదాహరణ ఉత్తరాలూ కవర్లూ. ఇదే సమస్యను పేకముక్కల రూపంలో ఫ్రెంచి గణితవేత్త మోన్‌మోర్ 1708లో ప్రతిపాదించారు. పేర్లు రాసిన కవర్లలో ఉత్తరాలను చూడకుండా పెడితే, కనీసం ఒక ఉత్తరమైనా సరైన కవరులో పడే సంభావ్యత ఎంత? నాలుగు ఉత్తరాలైతే సూత్రం 1 − 1/2 + 1/6 − 1/24 = 15/24, అంటే 0.625 అని చెబుతుంది. 24 అమరికలూ రాసి చూసుకున్నా ఒక్కటీ సరిపడనివి తొమ్మిదే దొరుకుతాయి. ఐదు ఉత్తరాలకు సుమారు 0.633. పది ఉత్తరాలున్నా పదివేలున్నా విలువ 0.632 దగ్గరే నిలిచిపోతుంది.

ఈ సూత్రాన్ని మధ్యలో ఆపినా పనికివస్తుంది. కూడిన పదం దగ్గర ఆపితే వచ్చే విలువ అసలు జవాబుకు తక్కువ కాదు, తీసివేసిన పదం దగ్గర ఆపితే ఎక్కువ కాదు. ఐదు ఉత్తరాల లెక్కలో వరుసగా 1, 0.5, 0.667, 0.625, 0.633 వస్తాయి. అందువల్ల అన్ని ఉమ్మడి సంఖ్యలూ చేతిలో లేని పెద్ద సర్వేల్లో కూడా జంటల వరకు, మూడింటి ఉమ్మడుల వరకు తెలిస్తే, అసలు జవాబు ఏ రెండు విలువల మధ్య ఉందో చెప్పవచ్చు.